ఆప్టిక్స్ చిప్ పక్కకి చేరితే మన పని ఏమవుతుంది? జానెడు రాగి కథ

తమ్ముడూ, నీ ప్రశ్న రెండుసార్లు చదివాను. హైదరాబాద్ డేటా సెంటర్‌లో నాలుగేళ్లుగా చేస్తున్నావు, రోజూ ట్రాన్సీవర్లు (కరెంటు సిగ్నల్‌ని కాంతిగా, కాంతిని మళ్లీ సిగ్నల్‌గా మార్చే మాడ్యూళ్లు) మార్చడం, ఫైబర్ లాగడం, ఫ్లాప్ అయ్యే, అంటే ఉన్నట్టుండి తెగి మళ్లీ కలిసే, లింకుల వెంట పడటం. మొన్న మీటింగ్‌లో మీ మేనేజర్ "రెండేళ్లలో అన్నీ సీపీఓ స్విచ్‌లే, ట్రాన్సీవర్ అనే మాటే ఉండదు" అన్నాడు, అప్పటి నుంచి నీకు టెన్షన్. సీపీఓ అంటే కో-ప్యాకేజ్డ్ ఆప్టిక్స్, కాంతి భాగాలని స్విచ్ (సర్వర్ల మధ్య డేటాని దారి చూపించి పంపే పెట్టె) లోని చిప్ ప్యాకేజీ మీదే పెట్టడం. నువ్వు అడిగినవి మూడు. ఆప్టిక్స్‌ని తీసుకెళ్లి స్విచ్ చిప్ పక్కన ఎందుకు అతికిస్తున్నారు, ఒక్క లేజర్ పోతే లక్షల రూపాయల స్విచ్ మొత్తం పీకేయాలా, నా ఉద్యోగం సంగతేంటి.

నేను పదిహేనేళ్లు స్విచ్ బోర్డుల మీద సిగ్నల్ కొలుస్తూ గడిపాను, ఆ తర్వాత ఆప్టిక్స్ టెస్టింగ్ ల్యాబ్‌లో కొన్నేళ్లు ఉన్నాను. కాబట్టి కంపెనీల స్లైడ్‌లు చూసి కాకుండా బల్ల మీద చూసినదాన్ని బట్టి చెప్తా. మీ మేనేజర్ చెప్పింది సగం నిజం. ఏ సగమో చెప్పాలంటే కాస్త పొడుగ్గా రాయాలి, టీ తెచ్చుకో.

చాలామంది సీపీఓ అంటే రాగి పోయి కాంతి వచ్చింది అనుకుంటారు. కాంతి మీ స్విచ్‌లో ఎప్పటి నుంచో ఉంది కదా, నువ్వు ఫ్రంట్ ప్యానెల్‌లో గుచ్చే ప్రతి ఓఎస్ఎఫ్‌పీ (ఒక రకం ట్రాన్సీవర్) మాడ్యూల్‌లోనూ ఉంది. గొడవ అంతా చిప్ నుంచి ఆ మాడ్యూల్ దాకా బోర్డు మీద పరుచుకున్న రాగి గీతలది. ఎంత పొడుగు? మధ్యలో ఉన్న పోర్టులకి కొంచెం తక్కువ, అంచున ఉన్న పోర్టులకి జానెడు, జానెడున్నర. ఆ జానెడు రాగి కోసమే ఇన్ని కంపెనీలు ఇన్ని వేల కోట్లు పోస్తున్నాయి అంటే నవ్వొస్తుంది కానీ నిజం.

మన కాలువల్లో టెయిలెండ్ రైతుల కష్టం తెలుసుగా. రిజర్వాయర్ దగ్గర నీళ్లు ఉధృతంగా వదులుతారు, దారిలో ఇంకిపోయేది ఇంకిపోతుంది, చివరి ఎకరానికి వచ్చేసరికి తడి మాత్రం మిగులుతుంది. బోర్డు మీద రాగి గీత అచ్చం అలాంటి కాలువే. ఫ్రీక్వెన్సీ పెరిగేకొద్దీ ఇంకిపోవడం పెరుగుతుంది. కరెంటు రాగి పైపొరలోనే పాకుతుంది, చుట్టూ ఉన్న బోర్డు మెటీరియల్ కొంత తాగేస్తుంది, ప్రతి వయా (బోర్డు పొరల్ని కలిపే రంధ్రం) దగ్గరా, ప్రతి కనెక్టర్ దగ్గరా కొంత వెనక్కి తిరిగొస్తుంది. ఒక్కో లేన్ (డేటా నడిచే ఒక్కో దారి) 25జీ, అంటే సెకనుకి 25 గిగాబిట్లు, ఉన్న రోజుల్లో ఇదంతా పెద్దగా పట్టించుకునేవాళ్లం కాదు, మామూలు బోర్డు మెటీరియల్‌తోనే నడిచిపోయేది. 50జీకి వచ్చేసరికి పామ్4 తెచ్చారు, అంటే సున్నా-ఒకటి రెండు మెట్ల బదులు నాలుగు మెట్లు, మెట్టుకీ మెట్టుకీ మధ్య ఎత్తు తగ్గిపోయింది, చిన్న గోల వచ్చినా తప్పు చదువుతుంది. 100జీ వచ్చాక ఖరీదైన మెటీరియల్. ఇప్పుడు 200జీ లేన్లు. ఈ వేగంలో చిప్ నుంచి మాడ్యూల్ దాకా మొత్తం దారిలో 22 డీబీ దాకా నష్టం ఉంటుందని ఎన్‌విడియా తన లెక్కల్లో చెప్పింది. 22 డీబీ అంటే బయల్దేరిన శక్తిలో సుమారు 160వ వంతు మాత్రమే చేరడం. అదే ఆప్టిక్స్‌ని చిప్ ప్యాకేజీ మీదకే తెస్తే 4 డీబీ, అంటే దాదాపు 40 శాతం చేరుతుంది. టెయిలెండ్ పొలాన్ని తీసుకొచ్చి గేటు పక్కన పెట్టినట్టు అన్నమాట.

అయితే ఇన్నాళ్లూ ఆ 160వ వంతుతో ఎలా నెట్టుకొచ్చాం? డీఎస్‌పీతో. నువ్వు గుచ్చే మాడ్యూల్‌లో ఒక చిన్న చిప్ ఉంటుంది, అది వచ్చిన వంకర టింకర సిగ్నల్‌ని సాపు చేసి, కొత్తగా తయారు చేసి లేజర్‌కి ఇస్తుంది. అవతలి వైపు మాడ్యూల్ కూడా అదే పని చేస్తుంది. మాడ్యూల్ తినే కరెంటులో ఇంచుమించు సగం దీనికే. చెయ్యి కాలేంత వేడిగా ఉండే 800జీ మాడ్యూల్ లాగిన అనుభవం నీకుండే ఉంటుంది, ఆ వేడిలో పెద్ద వాటా లేజర్‌ది కాదు, ఈ రిపేరు పనిది.

ఇప్పుడు ఒక లెక్క చూడు. బ్రాడ్‌కామ్ కంపెనీ టోమహాక్ 5 స్విచ్ చిప్ 2022లో వచ్చింది, సెకనుకి 51.2 టెరాబిట్లు. 100జీకి ఒక వాట్ కంటే తక్కువ తింటుందని వాళ్ల మాట, అంటే చిప్ మొత్తం 500 వాట్ల చిల్లర అనుకో. ఆ చిప్ ఉన్న స్విచ్ పెట్టెకి 800జీ మాడ్యూళ్లు 64 పడతాయి, ఒక్కోటి 15 వాట్లు వేసుకో, 960 వాట్లు. అసలు కంటే కొసరు రెండింతలు! అదే చిప్‌తో చేసిన బెయిలీ అనే సీపీఓ స్విచ్‌లో 800జీకి సుమారు 5.5 వాట్లు అని కంపెనీ చెప్పింది, అంటే 350 వాట్ల చిల్లర. ఒక్క పెట్టె మీద 600 వాట్లు మిగులు, ఆ వేడిని బయటికి తోలే ఫ్యాన్ల ఖర్చు అదనం. ఒక పెట్టె అయితే పోనీలే అనుకోవచ్చు, కానీ 2025 మార్చిలో ఎన్‌విడియా అధిపతి జెన్సన్ హువాంగ్ శాన్ హోసే స్టేజీ మీద చెప్పిన లెక్క ఇంకా గట్టిది: ఒక జీపీయూకి (ఏఐ లెక్కలు చేసే చిప్) మొత్తం నెట్‌వర్క్‌లో 6 ట్రాన్సీవర్లు, 1.6 టెరాబిట్లవి ఒక్కోటి 30 వాట్లు, అంటే జీపీయూకి 180 వాట్లు. 10 లక్షల జీపీయూలు పెడితే 180 మెగావాట్లు. లెక్క చేసే పనికి కాదు, ఒకదాని మాట ఇంకోదానికి చేరవేయడానికి మాత్రమే. విశాఖలో గూగుల్ కడతామన్న డేటా సెంటర్ గిగావాట్ స్థాయి అని పేపర్లలో చదివావుగా, ఆ సైజులో ఇలాంటి వాటా ఎంత పెద్దదో నువ్వే ఊహించుకో.

అందుకే చిప్ పక్కకి తెస్తున్నారు. చిప్ కూర్చునే సబ్‌స్ట్రేట్ మీదే చుట్టూ ఆప్టికల్ ఇంజిన్లు, అంటే సిగ్నల్‌ని కాంతిగా మార్చే భాగాలు, పెడతారు. బెయిలీలో అయితే మధ్యలో స్విచ్ చిప్, చుట్టూ 8 ఇంజిన్లు, ఒక్కోటి 6.4 టెరాబిట్లు. రాగి ప్రయాణం మిల్లీమీటర్లలో ముగిసిపోతుంది, ఆ డీఎస్‌పీ అక్కర్లేదు, అక్కడి నుంచి ఫైబరే ఫ్రంట్ ప్యానెల్ దాకా వస్తుంది. మూత తీసి చూస్తే మొదటిసారి భలే ఉంటుంది, చిప్ లోంచి సేమ్యా పోగులు బయటికొచ్చినట్టు.

సరే, ఇంత మంచిదైతే ఇన్నేళ్లు ఎందుకు రాలేదు? ఇక్కడే మీ మేనేజర్ మాటలో రెండో సగం ఉంది. సీపీఓది నాన్నా పులి కథ. 2019లో ఫేస్‌బుక్, మైక్రోసాఫ్ట్ కలిసి దీనికి ప్రమాణాలు రాద్దామని చేతులు కలిపాయి. 2020 మార్చిలో ఇంటెల్ 12.8 టెరాబిట్ల టోఫినో 2 చిప్ పక్కన 1.6 టెరాబిట్ల ఇంజిన్లు పెట్టి చూపించింది. 2023లో సిస్కో డెమో చూపించింది. ప్రతి కాన్ఫరెన్స్‌లో ఒక పెద్దమనిషి లేచి "వచ్చే తరం చిప్‌కి ప్లగ్గబుల్ (గుచ్చి పీకే) మాడ్యూళ్లు పనిచేయవు" అనేవాడు. 25.6 టెరాబిట్ల చిప్‌కి అన్నారు, పనిచేశాయి. 51.2కి అన్నారు, పనిచేశాయి. డీఎస్‌పీ వాళ్లు ప్రతి తరానికీ చిన్న ప్రాసెస్‌కి దిగి కరెంటు తగ్గించుకుంటూ వచ్చారు, బోర్డు వాళ్లు గీతల బదులు చిప్ పక్క నుంచి నేరుగా సన్నటి కేబుల్స్ వేశారు. మధ్యలో స్విచ్‌లు చేసే అరిస్టా కంపెనీ ఆండీ బెక్టోల్‌షైమ్ లాంటి వాళ్లు ఎల్‌పీఓ అన్నారు, అంటే మాడ్యూల్ అలాగే ఉంచి లోపలి డీఎస్‌పీ మాత్రం పీకేయడం, సాపు చేసే పని స్విచ్ చిప్‌లోని సెర్డెస్‌కే, అంటే సిగ్నల్ పంపి అందుకునే భాగానికే, అప్పజెప్పడం. నా మట్టుకు నాకు ఎల్‌పీఓ తెలివైన బేరం అనిపిస్తుంది, 100జీ లేన్ల వరకు బాగానే నడుస్తుంది, 200జీలో ఆ జానెడు రాగి మళ్లీ మెడ పట్టుకుంటుంది. ఎందుకంటే ఎల్‌పీఓ డీఎస్‌పీని తీసేసింది కానీ కాలువ పొడుగు తగ్గించలేదు.

నేను ఆప్టిక్స్ ల్యాబ్‌కి మారిన కొత్తలో జరిగింది ఒకటి చెప్తా, దీంతో సీపీఓ కష్టం ఏంటో సిద్ధాంతం లేకుండా అర్థమవుతుంది. కంపెనీ పేరు వద్దులే. ఒక ప్రోటోటైప్ బోర్డు వచ్చింది, చిప్ చుట్టూ ఇంజిన్లు, అంతా బాగుంది. ఒక ఇంజిన్‌లో ఒకే ఒక్క ఫైబర్ మాత్రం విచిత్రంగా ఉండేది. ట్రాఫిక్ లేనప్పుడు పవర్ సరిగ్గా ఉంటుంది, చిప్‌కి ఫుల్ ట్రాఫిక్ పెట్టిన పది నిమిషాలకి రెండు డీబీ పడిపోతుంది, ట్రాఫిక్ ఆపితే మెల్లగా మళ్లీ పైకొస్తుంది. లేజర్ మార్చాం. మార్చినా అదే. ఫర్మ్‌వేర్ వాళ్ల మీద పడ్డాం, వాళ్లు మా మీద పడ్డారు. రెండు వారాలు ఇలాగే. చివరికి మాతో పనిచేసే ఒకావిడ, అసెంబ్లీ లైన్ నుంచి వచ్చిన మనిషి, మైక్రోస్కోప్ కింద పెట్టి గంటన్నర అలా కదలకుండా చూస్తూ కూర్చుంది. కారణం ఏంటంటే ఫైబర్ ఒక కొస ఇంజిన్‌కి అతికించి ఉంది, కాస్త దూరంలో క్లిప్‌తో బోర్డుకి బిగించి ఉంది. చిప్ వేడెక్కితే ప్యాకేజీ కొంచెం వంగుతుంది, బోర్డు అంత వంగదు. గేదెని పొట్టి పలుపుతో కట్టేస్తే మెడ లాక్కున్నట్టు ఫైబర్ లాగబడుతోంది. ఎంత? ఒకటి రెండు మైక్రాన్లు. క్లిప్‌ని పక్కకి జరిపి ఫైబర్‌కి కాస్త వదులు ఇచ్చేసరికి రెండు వారాల జబ్బు పది నిమిషాల్లో పోయింది.

ఒకటి రెండు మైక్రాన్లకే ఇంత గొడవా అంటావు. సింగిల్ మోడ్ ఫైబర్‌లో కాంతి నడిచే కోర్ 9 మైక్రాన్లు. సిలికాన్ చిప్ లోపల అదే కాంతి నడిచే దారి వెడల్పు అర మైక్రాన్ దరిదాపుల్లో ఉంటుంది. కాలువ నీళ్లని సిరంజి సూదిలోకి ఎక్కించడం లాంటి పని, మధ్యలో కాంతిని మెల్లగా సన్నబరిచే నిర్మాణాలు ఉంటాయనుకో, అయినా కొస సరిగ్గా కూర్చోవాలి. పైగా అలాంటి ఫైబర్లు ఎన్ని? 51.2 టెరాబిట్లని లేన్‌కి ఒక ఫైబర్ చొప్పున వేస్తే రాకకి 512, పోకకి 512. బెయిలీలో ఎఫ్‌ఆర్4 పద్ధతిలో ఒక్కో ఫైబర్‌లో నాలుగు రంగుల కాంతి పంపి దీన్ని నాలుగో వంతుకి, అంటే 256కి దించారు. అన్నీ అతికించాలి, అన్నీ ఏళ్ల తరబడి వేడికీ చలికీ కదలకుండా ఉండాలి. ఫ్యాక్టరీలో దీని బాధ ఇంకోటి. ఒక్కో ఇంజిన్ అతికించడం 98 శాతం సార్లు సరిగ్గా వస్తుందనుకుందాం, ఉదాహరణకే. 8 ఇంజిన్లూ సరిగ్గా రావడం 85 శాతమే. 16 అయితే 72. మిగతావి పారేస్తే పోయేది ఇంజిన్ ఒక్కటే కాదు, దానితో పాటు ఆ పక్కన కూర్చున్న వేల డాలర్ల స్విచ్ చిప్ కూడా.

ఇక లేజర్. నీ రెండో ప్రశ్న ఇదే, నిజానికి మంచి ప్రశ్న ఇదే. సిలికాన్ కాంతిని నడిపిస్తుంది, మలుపు తిప్పుతుంది, మాడ్యులేట్ చేస్తుంది (కాంతి మీద డేటా ఎక్కిస్తుంది), కానీ తనంతట తాను వెలిగించలేదు. లేజర్‌కి ఇండియం ఫాస్ఫైడ్ లాంటి వేరే పదార్థం కావాలి, దానికేమో వేడి అంటే పడదు, వేడి పెరిగేకొద్దీ ఆయుష్షు గబగబా తరిగిపోతుంది. వందల వాట్ల చిప్ పక్కన దాన్ని పెట్టడం అంటే పొయ్యి మీద ఐస్‌ఫ్రూట్ పెట్టడమే. అందుకే ఇప్పుడొస్తున్న పెద్ద డిజైన్లలో లేజర్‌ని చిప్ దగ్గర పెట్టట్లేదు. ఫ్రంట్ ప్యానెల్‌లో చల్లటి గాలి తగిలేచోట విడిగా పెట్టి, అక్కడి నుంచి పోలరైజేషన్ (కాంతి ఊగే దిశ) చెదరకుండా ఉంచే ప్రత్యేకమైన ఫైబర్‌లో కాంతిని లోపలికి పంపుతున్నారు. దాన్నే ఎక్స్‌టర్నల్ లేజర్ సోర్స్ అంటారు. ఓఐఎఫ్ అనే సంస్థ దీనికి ఈఎల్‌ఎస్‌ఎఫ్‌పీ అని ఒక ప్రామాణిక ఆకారం కూడా 2023లో ఖాయం చేసింది. చూడటానికి నువ్వు రోజూ గుచ్చే మాడ్యూల్ అన్నదమ్ముడిలాగే ఉంటుంది, లాగొచ్చు, గుచ్చొచ్చు.

కాబట్టి లేజర్ పోతే స్విచ్ పీకక్కర్లేదు, ఆ మాడ్యూల్ మారిస్తే చాలు. ఒక మాడ్యూల్ చాలా పోర్టులకి కాంతి ఇస్తుంది కాబట్టి అది మార్చేటప్పుడు ఒక పోర్ట్ కాదు, ఒక గుంపు పోర్టులు కిందికి వెళ్తాయి, మెయింటెనెన్స్ విండో అడగాలి. అంతవరకు సర్దుకోవచ్చు. ఇబ్బంది ఎక్కడంటే చిప్ పక్కన ఉన్న ఇంజినే పోతే. అప్పుడు నీ దగ్గర మందు లేదు. ఇంజిన్‌ని సబ్‌స్ట్రేట్‌కే సోల్డర్ చేసేసిన డిజైన్ అయితే 6.4 టెరాబిట్లు పోయినట్టే, పెట్టె మొత్తం మార్చాలి. ఎన్‌విడియా సీపీఓ స్విచ్ క్వాంటమ్-ఎక్స్‌లో ఇంజిన్లని మూడేసి చొప్పున విడదీయగల ముక్కలుగా చేశారు, కానీ ఆ విడదీయడం ప్రధానంగా ఫ్యాక్టరీలో ఉపయోగం, ఇందాక చెప్పిన 85 శాతం బాధ తప్పించుకోవడానికి. అర్ధరాత్రి రెండింటికి కోల్డ్ ఐల్‌లో (ర్యాకుల మధ్య చల్లగాలి నడవా) నిలబడి నువ్వు చేసే పని అది కాదు.

అయినా ఇప్పటి పద్ధతి ఏమైనా ఉద్ధరిస్తోందా అంటే అదీ లేదు. మెటా వాళ్లు లామా 3 అనే ఏఐ మోడల్ ట్రెయినింగ్ గురించి 2024లో రాసిన పేపర్‌లో ఒక పట్టిక ఉంది, 16,384 జీపీయూల మీద 54 రోజుల్లో అనుకోకుండా 419 సార్లు పని ఆగింది, అందులో 8.4 శాతం నెట్‌వర్క్ స్విచ్, కేబుల్ వల్ల. జీపీయూ, మెమరీ పాడవడం ముందు అది చిన్న వాటానే, కానీ ఒక్క లింక్ ఊగినా వేల జీపీయూలు చేతులు కట్టుకుని నిలబడతాయి కాబట్టి ఏఐ క్లస్టర్ వాళ్లకి ఫ్లాప్ అంటే భయం. మరి ఫ్లాప్‌లు ఎందుకొస్తాయి? నీకు నాకంటే బాగా తెలుసు. దుమ్ము, సరిగ్గా కూర్చోని కనెక్టర్, పక్క మాడ్యూల్ లాగబోయి దీన్ని కదిపిన మనిషి చెయ్యి. సీపీఓ సమర్థకుల వాదన ఇదే: మనిషి చెయ్యి తగిలే చోట్లు తగ్గితే పాడయ్యేవి కూడా తగ్గుతాయి. మొదట్లో నేను దీన్ని సేల్స్ మాట అనుకున్నా, ఇప్పుడు కాస్త మెత్తబడ్డాను. 2025 అక్టోబర్‌లో బ్రాడ్‌కామ్ చెప్పినదాని ప్రకారం మెటా బెయిలీ స్విచ్‌లని పరీక్షిస్తే 400జీ పోర్టుల లెక్కన 10 లక్షల గంటలు ఒక్క ఫ్లాప్ లేకుండా నడిచాయి. వినడానికి ఘనంగా ఉంది. కానీ లెక్కేస్తే, ఒక పోర్ట్ 114 ఏళ్లు నడిచినా 10 లక్షల గంటలే, 2 వేల పోర్టులు మూడు వారాలు నడిచినా 10 లక్షల గంటలే. మొదటి మూడు వారాల్లో జిగురు పట్టు వదలదు, వదిలితే మూడో ఏట వదలొచ్చు. అందుకే మెత్తబడ్డాను అన్నాను కానీ ఒప్పుకున్నాను అనలేదు.

కాంతి మీద డేటా ఎక్కించే రింగ్ మాడ్యులేటర్ల గురించి కూడా ఒక మాట, అందరూ అవే గొప్ప అంటున్నారు కాబట్టి. బ్రాడ్‌కామ్ వాడేది పాత నమ్మకస్తుడు మాక్-జెండర్, కాంతిని రెండు దారుల్లో పంపి కలిపే రకం, మిల్లీమీటర్ల పొడవు ఉంటుంది కానీ వేడికి పెద్దగా చలించదు. ఎన్‌విడియా వాడుతున్నది మైక్రో రింగ్, పది మైక్రాన్ల సైజు, కరెంటు చాలా తక్కువ, చిప్‌లు తయారుచేసే టీఎస్‌ఎంసీ వాళ్ల కూప్ అనే పద్ధతిలో ఎలక్ట్రానిక్స్ చిప్‌ని కాంతి చిప్ మీద నిలువుగా పేర్చి చేస్తారు. కానీ రింగ్ మహా సుకుమారం. ఒక డిగ్రీ వేడి మారితే దాని రంగు (అది పట్టే కాంతి తరంగదైర్ఘ్యం) సుమారు 0.07 నానోమీటర్లు జరుగుతుంది, ట్రాఫిక్ పెరిగి తగ్గే ప్రతిసారీ పక్కన ఉన్న చిప్ డిగ్రీలు డిగ్రీలు ఊగుతుంది. అందుకని ప్రతి రింగ్‌కీ ఒక బుల్లి హీటర్ పెట్టి, వీణ తీగ శ్రుతి చేసినట్టు క్షణక్షణం సర్దుతూ ఉండాలి. ఇన్ని వందల రింగులని ఫ్యాక్టరీ స్థాయిలో శ్రుతిలో ఉంచగలిగారంటే టోపీ తీసేయాల్సిందే, నేను ల్యాబ్‌లో నాలుగింటిని ఉంచలేక చచ్చాను.

ఇంకో సంగతి, రాగి చచ్చిపోతుంది అనే మాట నమ్మకు. రాగి చౌక, తనంతట తాను కరెంటు తినదు, పాడవడం తక్కువ. ఎన్‌విడియా ఎన్‌వీఎల్72 ర్యాక్‌లో జీపీయూల మధ్య 5 వేలకి పైగా రాగి కేబుల్సే ఉన్నాయి, అక్కడ ఆప్టిక్స్ పెడితే ర్యాక్‌కి 20 కిలోవాట్లు అదనం అయ్యేదని వాళ్లే చెప్పారు. ర్యాక్ లోపల రాగి చేరినంతకాలం రాగే ఉంటుంది. 200జీలో అది మీటరు చిల్లర దూరమే. జీపీయూల గుంపు ఒక ర్యాక్ దాటి నాలుగు ర్యాకులకి పాకే రోజున మాత్రం అక్కడ కాంతి తప్ప గతి లేదు, అక్కడ ప్లగ్గబుల్‌కి చోటూ లేదు, కరెంటూ లేదు. నన్నడిగితే సీపీఓ నిజంగా జెండా పాతేది అక్కడ. నువ్వు పనిచేసే మామూలు లీఫ్-స్పైన్ (కింద సర్వర్ల స్విచ్‌లు, పైన వాటిని కలిపే స్పైన్ స్విచ్‌లు) నెట్‌వర్క్‌లో మాత్రం మెల్లగా వస్తుంది, అదీ ముందు పెద్ద ఏఐ క్లస్టర్ల స్పైన్‌లోకి.

ఇక నీ ఉద్యోగం. ప్లగ్గబుల్స్ ఇంకా చాలా ఏళ్లు ఉంటాయి. దీనికి కారణం టెక్నాలజీ కంటే బేరం. ఇవాళ నీ కంపెనీ స్విచ్ ఒకరి దగ్గర, ఆప్టిక్స్ నలుగురి దగ్గర ధర అడిగి కొంటుంది, పోర్టులు అవసరమైనప్పుడే గుచ్చుకుంటుంది. సీపీఓ అంటే మొత్తం ఒకే దుకాణం, మొదటి రోజే మొత్తం డబ్బు. పర్చేజ్ వాళ్లు దీనికి అంత సులువుగా తలూపరు. బిల్డింగ్‌ల మధ్య, ఊళ్ల మధ్య నడిచే కోహెరెంట్ ఆప్టిక్స్ సంగతి వేరు, వాటి జోలికి సీపీఓ ఇప్పట్లో పోదు.

కానీ మాడ్యూల్ గుచ్చి పీకడం ఒక్కటే తెలిస్తే మాత్రం కష్టం, అది దాచను. సీపీఓ పెట్టెలో ఫ్రంట్ ప్యానెల్ మీద నీకు కనిపించేది ఫైబర్ కనెక్టర్లు, లేజర్ మాడ్యూళ్లు. ఇన్నాళ్లూ లింక్ సరిగ్గా లేకపోతే "ముందు ఆప్టిక్ మార్చి చూద్దాం" అనేవాళ్లం, సగం సార్లు అసలు కారణం తెలియకుండానే తగ్గిపోయేది, తీసిన మాడ్యూల్‌ని ఆర్‌ఎంఏకి (పాడైందని కంపెనీకి తిప్పి పంపడం) పంపేవాళ్లం, వాళ్లు టెస్ట్ చేసి ఏ లోపమూ లేదని తిరిగి పంపేవాళ్లు. ఆ వైద్యం ఇక చెల్లదు. చిప్ లోపలి నుంచే వచ్చే ఫెక్ (తప్పుల్ని దిద్దే పద్ధతి) ఎర్రర్ కౌంటర్లు, లేజర్ బయాస్ (లేజర్‌కి ఇచ్చే కరెంటు), ఒక్కో లేన్ పవర్, వీటిని చూసి జబ్బు ఫైబర్‌దా, లేజర్‌దా, ఇంజిన్‌దా అని పీకకుండానే చెప్పగలగాలి. ఇప్పుడు నీ చేతిలో ఉన్న 400జీ, 800జీ మాడ్యూళ్ల లింకుల్లోనే, స్విచ్‌లోనో మాడ్యూల్‌లోనో, ఆ కౌంటర్లు దొరుకుతాయి, రేపు షిఫ్ట్‌లో ఫ్లాప్ అయ్యే లింక్ దొరికితే మాడ్యూల్ ముట్టుకోకముందు ప్రీ-ఫెక్ (తప్పులు దిద్దకముందు) ఎర్రర్ రేటు రెండు వైపులా రాసుకో, కనెక్టర్ తుడిచాక మళ్లీ రాసుకో. నెల రోజులు ఇలా చేస్తే ఎన్ని ఆర్‌ఎంఏలు అనవసరమో నీకే తెలుస్తుంది, ఆ కాగితం మీ మేనేజర్‌కి చూపించు.

స్కోప్ (కనెక్టర్ కొసని చూసే మైక్రోస్కోప్) లేకుండా కనెక్టర్ గుచ్చే అలవాటు ఉంటే ఇవాళే మానుకో. ప్లగ్గబుల్‌లో దుమ్ము గుచ్చితే పాడయ్యేది ఒక మాడ్యూల్. సీపీఓలో ఫ్రంట్ ప్యానెల్ వెనక ఉన్న కనెక్టర్ కొస గీసుకుపోతే, డిజైన్‌ని బట్టి, అది లోపల చిప్‌కి అతికించిన ఫైబర్‌ది అయి ఉండొచ్చు. తుడవడం, చూడటం, మళ్లీ తుడవడం, అప్పుడే గుచ్చడం.

ఆఖరుగా, కామెంట్లలో ఎవరో "లేజర్ వెలుగుతోందో లేదో ఫైబర్ కొసలోకి చూస్తే తెలిసిపోతుంది" అని రాశారు. దయచేసి ఎవరూ ఆ పని చేయొద్దు. ఇది 1310 నానోమీటర్ల దగ్గరి కాంతి, కంటికి కనిపించదు, కనిపించలేదు కదా అని ఇంకా దగ్గరగా పెట్టి చూస్తారు. పైగా ఎక్స్‌టర్నల్ లేజర్‌లో ఒకే మాడ్యూల్ చాలా లేన్లకి సరిపడా వెలిగించాలి కాబట్టి మామూలు ట్రాన్సీవర్ కంటే చాలా ఎక్కువ పవర్ ఉంటుంది. ఈఎల్‌ఎస్‌ఎఫ్‌పీలో ఆప్టికల్ కనెక్టర్‌ని మనిషి వైపు కాకుండా వెనక వైపు పెట్టడానికి ఒక కారణం ఇదే. పవర్ మీటర్ కొనమని మీ వాళ్లని అడుగు, నీ కన్ను కంటే చౌక.